ఏడో వరస

ఆ ఏడాది మా ద్రాక్షతోటలో మొదటి కంతిని చూసింది మా అత్తగారు సలోమమ్మ. జులై నెలాఖరు. వాన వెలిసిన పూట చెట్ల మొదళ్ళలో గడ్డి పీకుతూ పీకుతూ ఉన్నట్టుండి ఆగిపోయి, "ప్రేమా, జెర ఇట్ల రా బిడ్డా. ఈ చెట్టుకు మొదట్ల వక్కలు కాసినయేంది?" అని పిలిచింది.

వెళ్ళి వంగి చూశాను. గేటు పక్కనున్న మొట్టమొదటి చెట్టు అది. నేల నుంచి జానెడు ఎత్తున బెరడు చిట్లి, లోపలి నుంచి తెల్లటి కండ లాంటిది పొడుచుకొచ్చి ఉంది. ఒకటి వక్కంత, ఒకటి నిమ్మకాయంత. వేలితో నొక్కితే పైన మెత్తగా, లోపల గట్టిగా తగిలింది. పెళ్ళికి ముందు గుంటూరులో మూడేళ్ళు నర్సుగా పనిచేసినదాన్ని. మనుషుల ఒంటిమీద అలాంటివి చాలా చూశాను. చెట్టుకు చూడడం అదే మొదలు.

అది 1948. మా ఇల్లు సికింద్రాబాద్ అవతల, యాప్రాల్‌లో. మా మామగారు జకర్యా లాలాగూడ రైల్వే వర్క్‌షాపులో ముప్పై ఏళ్ళు ఫిట్టరుగా చేసి, రిటైరయ్యాక ఎకరన్నర నేలలో ద్రాక్ష వేశారు. రాతి కడీలు పాతి, తాడు పట్టి, పన్నెండు వరసలు, వరసకు పదహారు చెట్లు. పందిరి కింద నిలబడి ఏ వైపు చూసినా రైలు పట్టాల్లా తిన్నగా కనబడేవి. నా భర్త జ్ఞానశేఖర్ గూడ్సు బండి గార్డు. సంస్థానానికీ యూనియన్‌కూ మధ్య దారులు బిగుసుకుపోయిన ఆ రోజుల్లో ఆయన బెజవాడ వైపు చిక్కుకుపోయారు. "క్షేమం. దారి తెరిచాక వస్తాను" అని ఒక కార్డు వచ్చింది. తర్వాత ఏ కబురూ లేదు.

అలా ఇంట్లో ముగ్గురం మిగిలాం. తోటలో నాలుగోవాడు బిక్షం. యాప్రాల్ వాడే. యాభై దాటాయి. చుట్టుపక్కల తోటలన్నిటికీ కొమ్మలు కత్తిరించేది అతనే. ద్రాక్షకు ఏడాదికి రెండు కోతలు. ఎండాకాలంలో కాయ దిగాక ఒకటి, దసరా వెళ్ళాక ఒకటి. మా తోటలో మామగారు గేటు వైపు నుంచి, బిక్షం బావి వైపు నుంచి మొదలుపెట్టి చెరి ఆరు వరసలూ చేసుకుంటూ వచ్చి మధ్యలో కలుసుకునేవారు. బిక్షం తన పక్కన ఒక చిన్న మట్టికుంపటి పెట్టుకునేవాడు. ఒక చెట్టు కోయడం అయ్యాక కత్తిని నిప్పుల మీద అటూ ఇటూ ఆడించి, గుడ్డతో తుడిచి, అప్పుడు రెండో చెట్టు ముట్టుకునేవాడు. అది చూస్తే మామగారికి ఒళ్ళు మండేది.

"అరే బిక్షం, నిప్పు చూపిస్తే ఉక్కుకు పదును పోతదిరా. ముప్పై ఏండ్లు ఉక్కుతోని బతికినోణ్ణి చెప్తున్న."

"జిగురు పట్టుకుంటదయ్యా. మా నాయిన గిట్లనే చేస్తుండె" అనేవాడు బిక్షం, కుంపటి ఊదుకుంటూ.

మామగారి కత్తి వర్క్‌షాపు స్ప్రింగు పట్టీతో ఆయన స్వయంగా చేసుకున్నది. రోజంతా కోసినా పదును తగ్గేది కాదు. దాన్ని నిప్పు దగ్గరికి రానిచ్చేవారు కారు.

ఆగస్టు మధ్యకల్లా కంతులు ఇరవై చెట్లకు పాకాయి. ఆకు పాలిపోయింది, కొత్త తీగె కురచబడింది. మామగారు కంతులు కోసి పసుపూ సున్నమూ పట్టించారు. పది రోజులకు ఒకటి కోసిన చోట రెండు లేచాయి. దిష్టి అన్నారు కొందరు. నేల చెడ్డదన్నారు మరికొందరు. ఆయన అన్నం ముందు ప్రార్థన చేసి, నాలుగు ముద్దలు తిని లేచిపోయేవారు.

ఒకరోజు అత్తగారిని తోడు తీసుకుని బొల్లారం వెళ్ళాను. అక్కడ ఆర్థర్ గారని, ఇంజన్ డ్రైవరుగా చేసి మానుకున్న ఆంగ్లో ఇండియన్ పెద్దాయన ఉండేవారు. గులాబీలు పెంచేవారు. తోటపని పుస్తకాలు ఆయన దగ్గర బీరువా నిండా ఉండేవి. నేను పేపర్లో చుట్టి తెచ్చిన కంతిని కత్తితో రెండుగా చీల్చి, భూతద్దం పెట్టి చూసి, ఒక పుస్తకంలో బొమ్మతో పోల్చి చూశారు.

"దీనికి దవా లేదు అమ్మాయీ," అన్నారు. "బ్యాక్టీరియా ఇది. గాయం దొరికితే లోపలికి పోతుంది. లోపల కూర్చుని గడ్డలు కడుతుంది. బీమారీ పట్టిన చెట్టు తీసెయ్. కాల్చెయ్. మిగిలిన చెట్లను బచాయించుకో."

"ఒక చెట్టు నుంచి ఇంకో చెట్టుకు ఎలా పోతుందండీ?"

"నువ్వు నర్సువి. నన్నడుగుతావా?" అని నవ్వి, బల్లమీది కత్తి వైపు చూపించారు.

నాకు వెంటనే అర్థమైంది. వార్డులో ఒకరి పుండు కడిగిన కత్తెర ఉడకబెట్టకుండా ఇంకొకరి పుండు ముట్టుకుంటే ఏమవుతుందో నాకు కొత్తగా చెప్పక్కర్లేదు. ఇంటికొచ్చిన దాన్ని వచ్చినట్టే మామగారితో చెప్పేశాను. కత్తి, మామయ్యా, కత్తే తెస్తోంది అన్నాను.

ఆయన తలెత్తారు. "పది తోటలు తిరిగే కత్తి ఎవనిది?"

 నాకూ అదే తోచింది మరి.

మర్నాడు పొద్దున్నే బిక్షం వచ్చేసరికి మామగారు గేటు దగ్గరే నిలబడి ఉన్నారు. వేరే తోటల రోగం నీ కత్తితో మా తోటకు తెచ్చావు, ఇక రావద్దు అన్నారు. అరవలేదు. ఆ మాట తక్కువ గొంతుతో చెప్పడమే వినడానికి ఎక్కువ బాధగా ఉంది.

బిక్షం కొంచెంసేపు అర్థం కానట్టు చూశాడు. "పదేండ్ల సంది చేస్తున్న గదయ్యా. నా చెయ్యి చెడ్డదంటున్నరా?"

"చెయ్యి కాదు, కత్తి."

"కత్తి తనంతట తను కోస్తదా అయ్యా?" అన్నాడు. నా వైపు ఒకసారి చూశాడు. ఏమైనా అంటానేమోనని కాబోలు. నేను తల దించుకున్నాను. అతను కత్తిని గుడ్డలో చుట్టి నడుముకు దోపుకుని వెళ్ళిపోయాడు. రెండు రోజులకు అతని ఇంటికి తాళం పడింది. భార్యను తీసుకుని మేడ్చల్ దిక్కుకు, కూతురి ఊరికి పోయాడన్నారు. అప్పుడు తొవ్వలు మంచిగా లేవు. ఏ ఊరి పొలిమేరలో ఎవరు ఎవరిని ఆపుతారో తెలియదు. యాప్రాల్‌లో ఉంటే మా గోడ చాటున ఉండేవాడు కదా అని నాకు రోజూ అనిపించేది.

సెప్టెంబరు వచ్చింది. ఏ చెట్లు పీకాలో లెక్క కావాలి గనుక, పాత రైల్వే ఫారం వెనక పన్నెండు గీతలు గీసి, వరసకు పదహారు చుక్కలు పెట్టుకున్నాను. మా వార్డులో చార్టు రాసినట్టే. మోకాళ్ళ మీద కూర్చుని చెట్టు చెట్టు మొదలూ చేత్తో తడిమి, కంతి తగిలిన చోట చుక్క మీద అడ్డగీత కొట్టాను. రెండు రోజులు పట్టింది. అయ్యాక కాగితం దూరంగా పెట్టి చూశాను.

అడ్డగీతలన్నీ గేటు వైపే. మొదటి వరసలో చిక్కగా మొదలై, పోను పోను పలచబడి, ఆరో వరసకు రెండు మూడు మిగిలాయి. ఎనిమిది నుంచి పన్నెండు దాకా ఒక్కటంటే ఒక్క గీత లేదు. అవన్నీ బిక్షం కోసిన వరసలు. ఏడో వరస కూడా అతనిదే. అందులో మాత్రం మొదటి నాలుగు చెట్లకు గీతలున్నాయి. ఆ నాలుగూ లేకపోతే నా తప్పు నేను అప్పుడే ఒప్పుకోవలసి వచ్చేది. ఆ నాలుగింటినీ పట్టుకుని ఇంకో పూట వేలాడాను.

"అత్తయ్యా, ఏప్రిల్‌లో ఏడో వరస ఎవరు కోశారు?"

"బిక్షం కోసిండు. ఇంకెవరు కోస్తరు?" అని అత్తగారు బియ్యం చెరుగుతూ చేట ఆపింది. "ఉండు ఉండు. ఆఖరి దినం వానికి జ్వరమొచ్చి మధ్యాహ్నం దాంక రాలే. నేనే మిరియాల కషాయం పంపిన గద. మీ మామకు ఊకె కూసుంటే తోచదు. ఆయన పని అయిపోయినంక ఏడోది సుత షురూ చేసిండు. వాడొచ్చి మిగిలింది కోసిండు."

గేటు పక్క చెట్టుకు రోగం ఎప్పటి నుంచో లోపల ఉండి ఉండాలి. మామగారు కోత మొదలుపెట్టింది దానితోనే. అక్కడి నుంచి ఆయన కత్తి ఎటు నడిచిందో రోగం అటు నడిచింది. బిక్షం కత్తి జిగురు వదలడానికని ప్రతి చెట్టుకూ నిప్పు చూసింది. వాళ్ళ నాయన ఎందుకు నేర్పాడో గాని, ఆపరేషన్ గదిలో మేం చేసే పనే అతను కుంపటి మీద చేశాడు.

మామగారితో ఎలా చెప్పాలా అని నాలుగు రోజులు తిరిగాను. అంతలో పోలీసు చర్య మొదలైంది. పదమూడో తారీకు నుంచి ఆకాశంలో విమానాల మోత. ఎవరూ గడప దాటలేదు. మూడో రోజు మధ్యాహ్నం ముగ్గురం నడవాలో కూర్చుని ఉన్నాం. విమానం ఒకటి చాలా కిందుగా పోయింది. పైకప్పు రేకులు అదిరాయి. అది పోయాక వచ్చిన నిశ్శబ్దంలో నాకే తెలియకుండా నోరు విప్పాను.

"మామయ్యా, తప్పు నాది. కత్తి తెస్తోందని చెప్పాను. ఎవరి కత్తో చూడకుండా చెప్పాను."

కాగితం ఆయన ముందు పెట్టాను. కళ్ళద్దాలు పెట్టుకున్నారు. ఆయన ముప్పై ఏళ్ళు డ్రాయింగులు చదివిన మనిషి. నేను వివరించాల్సిన పని లేకపోయింది. వేలు గేటు దగ్గర మొదలై ఒక్కో వరసా నడిచి, ఏడో వరస దగ్గర ఆగింది.

"ఈ నాలుగు?"

"ఆ దినం బిక్షంకు జ్వరం గద," అంది అత్తగారు మెల్లగా.

ఆయన కళ్ళద్దాలు తీసి మడిచారు. "పొయ్యి మీద ఏదో మాడుతున్నట్టుంది, చూడు" అన్నారు భార్యతో. పొయ్యి మీద ఏమీ లేదు. అయినా అత్తగారు లేచి వంటింట్లోకి వెళ్ళింది. నేనూ వెళ్ళాను.

మర్నాడు తుంపర పడుతుండగా ఆయన ఒక్కరే తోటలో మోకాళ్ళ మీద కనబడ్డారు. చేతిలో నా కాగితం. విమానాల మోత వినబడుతున్నా తల ఎత్తలేదు. సాయంత్రం కాగితం మళ్ళీ నా బైబిలు పక్కన ఉంది. ఆరో వరస, పదిహేనో చెట్టు మీద లావుపాటి వర్క్‌షాపు పెన్సిలుతో కొత్త అడ్డగీత ఉంది. నా చేతికి తగలని కంతిని ఆయన పట్టుకున్నారు.

పదిహేడో తారీకు సాయంత్రం పొరుగింటి రేడియోలో నిజాం లొంగిపోయాడని చెప్పారు. వీధిలో కొందరు ఈలలు వేశారు. కొన్ని ఇళ్ళ తలుపులు మూసుకున్నాయి. అవి చాలా రోజులు తెరుచుకోలేదు. అందరిళ్ళలోనూ నవ్వులే అని నేను చెప్పను. మా ఇంట్లో మాత్రం గుండెల మీది బండ ఒకటి దిగింది. ఇంకొకటి అలాగే ఉంది. బిక్షం ఉన్నాడో లేడో తెలియదు.

మామగారు సైకిలు దులిపి బయటికి తీశారు. మొదటి రోజు ఉత్త చేతులతో తిరిగొచ్చారు. రెండో రోజూ అంతే. మూడో రోజు, బొల్లారంలో కొత్తగా దిగిన మిలిటరీ క్యాంపుకు గడ్డి కోయడానికి మనుషుల్ని పెట్టుకున్నారని, అందులో యాప్రాల్ వాళ్ళు ఉన్నారని ఎవరో చెప్పారు. "నువ్వు సుత రా అమ్మా" అన్నారు నాతో. సైకిలు నడిపించుకుంటూ ఆయన, పక్కన నేను. 

గడ్డి మోపుల మధ్య వంగి కొడవలి ఆడిస్తున్న వీపును ముందు నేనే గుర్తుపట్టాను. మనిషి సగమయ్యాడు. మమ్మల్ని చూసి కూడా చెయ్యి ఆపలేదు.

"బతికున్నవా?" అన్నారు మామగారు.

"ఉన్ననయ్యా. మీ దయ."

"యాడ ఉంటివి ఇన్ని దినాలు?"

"బిడ్డ ఇంటికి పోదామని పోయినం. తొవ్వల మస్తు తక్లీఫైంది. ఇంటిదాన్ని పట్టుకొని రెండు దినాలు జొన్నచేన్ల దాసుకున్న. మన్ను తిని బతికినమనుకో."

 నేను ముందుకు వచ్చి, "బిక్షం, తప్పు నాదే, నేను..." అంటుంటే మామగారు చెయ్యి అడ్డం పెట్టారు.

"దసరా దాటినంక కోత పెడుతున్న," అన్నారు. "నువ్వు రావాలె."

"నా కత్తి రోగపుదంటిరి గదయ్యా."

"కత్తి తెచ్చుకో. కుంపటి సుత తెచ్చుకో."  సైకిలు హ్యాండిలును గట్టిగా పట్టుకున్నారు. "రెండు కుంపట్లు తే. ఒకటి నాకు."

బిక్షం కొడవలి ఆగింది. ముసలాయన మొహంలోకి చూశాడు. "నిప్పు చూపిస్తే ఉక్కుకు పదును పోతదయ్యా," అన్నాడు.

"పోతే పోనీ."

బిక్షం తల పక్కకు తిప్పుకుని మోచేత్తో కళ్ళు తుడుచుకున్నాడు. తిరిగి చూసేసరికి మొహం మీద నవ్వుంది. "ఈ మోపు కట్టేసి వస్త," అన్నాడు.

అక్టోబరు మూడోవారంలో దారి తెరుచుకుంది. నా భర్త గడ్డం మాసి, గోనెసంచిలో పప్పూ ఉప్పూ మోసుకుని, స్టేషను నుంచి నడిచి వచ్చారు. అత్తగారు ఆయన భుజాలు తడిమి తడిమి చూసింది. ఆయన తోటలోకి తొంగిచూసి బిత్తరపోయారు. వాళ్ళ నాన్న కూర్చుని కుంపటి ఊదుతున్నారు.

ముప్పై నాలుగు చెట్లు పీకాం. గేటు పక్క చెట్టును మామగారు ఇంకెవర్నీ ముట్టుకోనివ్వలేదు. గడ్డపారతో ఒక్కో వేరూ తవ్వి, తోట బయటికి లాక్కుపోయి, ఎండిన కొమ్మలు పేర్చి కాల్చారు. గుంటలన్నీ ఎండకు వదిలేసి సున్నం చల్లాం. కోత మొదలుపెట్టాల్సింది రోగం లేని వైపు నుంచి అని నేను పట్టుబట్టాను. బావి దగ్గర పన్నెండో వరసతో మొదలై, గేటు వైపు వరసలు ఆఖరున. ప్రతి చెట్టుకూ కత్తి నిప్పు చూడాలి. కోసిన ప్రతి చోటా మైలుతుత్తం, సున్నం కలిపిన ముద్ద పూయాలి. నేను వరస వెంబడి నడుస్తూ ఒక్కొక్కరి కత్తీ చూసేదాన్ని. మామగారు నిప్పు చూపించడం మర్చిపోయి రెండో చెట్టు మీద చెయ్యి వేస్తే, "మామయ్యా" అనేదాన్ని. ఆయన వెంటనే కుంపటి దగ్గరికి వెళ్ళేవారు. బిక్షం వెనక్కి తిరిగి నవ్వుకునేవాడు.

అయినా నమ్మకం ఎక్కడిది? ఈ రోగం లోపల ఎన్నాళ్ళయినా దాక్కుంటుంది. ప్రతి ఆదివారం చర్చి నుంచి వచ్చి, చీర మార్చుకుని, చెట్ల మొదళ్ళు తడమడం నా పనయింది. డిసెంబరులో మామగారు కూడా పక్కన మోకాళ్ళ మీద కూర్చోసాగారు. జనవరిలో ఒకరోజు తడుముతూ తడుముతూనే, "ఆసుపత్రిల నర్సులు కావాలంటున్నరట. శేఖర్‌తోని నేను చెప్త. నువ్వు పోయి మాట్లాడుకో" అన్నారు. కోడలు కొలువు చేయడమేమిటని పెళ్ళినాడు అన్నది ఆయనే. 

మార్చి వచ్చింది. పందిరి నిండా గెలలు దిగాయి. ఖాళీ గుంటల మీద ఎండ పడి తోట చిరిగిన దుప్పటిలా ఉన్నా, మిగిలిన నూట యాభై ఎనిమిది చెట్లూ ఒంటిమీద మచ్చ లేకుండా నిలబడ్డాయి. కాయ కోసేముందు ఆఖరిసారి అని మామగారు, బిక్షం, నేను వరసలు పంచుకుని చూశాం. పొద్దున మొదలుపెట్టి మధ్యాహ్నానికి ఏడో వరసలో ముగ్గురం కలిశాం.

"నా దిక్కు లేదు," అన్నాడు బిక్షం.

"నా వైపూ లేదు," అన్నాను.

మామగారు ఆఖరి చెట్టు మొదలును రెండు అరచేతులతోనూ చుట్టి పట్టుకుని కొంచెంసేపు అలాగే ఉండిపోయారు. "లేదు," అన్నారు. "ఒక్కటి సుత లేదు."

లేచి నిలబడబోయి, మళ్ళీ అక్కడే చతికిలబడి, కడీకి వీపు ఆనించారు.   కళ్ళు మూసుకున్నారు. నిమిషం గడవకముందే గురక మొదలైంది. జులై నుంచి ఆయన పగలు కునుకు తీయడం నేను చూడలేదు.

సరిగ్గా అప్పుడే గోరింకల గుంపు ఒకటి పందిరి మీద దిగింది. బిక్షం అలవాటుగా పిట్టల్ని తోలే రేకు డబ్బా కొట్టబోయి, ఆయన వైపు చూసి, డబ్బా నెమ్మదిగా కింద పెట్టాడు. తలగుడ్డ విప్పి గాలిలో తిప్పుతూ వరస వెంబడి చప్పుడు లేకుండా పరిగెత్తాడు. నేను పైట చెంగు చేతబట్టుకుని రెండో వైపు పరిగెత్తాను. పిట్టలు ఈ చివర లేచి ఆ చివర వాలుతున్నాయి, మేం ఆ చివరికి పరిగెడుతున్నాం. నోరు మూసుకుని నవ్వడం వల్ల నాకు కడుపు నొప్పి పుట్టింది.

డ్యూటీ దిగి యూనిఫాంతోనే గేటు తోసుకుని వచ్చిన నా భర్త, మమ్మల్ని చూసి కంగారుపడి, "ఏమైంది?" అని అరవబోయారు.

నేను పెదాల మీద వేలు పెట్టి, నిద్రపోతున్న మామగారిని చూపించాను. ఆయన తన టోపీ తీసి, దాన్నే పిట్టల మీద ఊపుతూ మాతో కలిశారు.